షయాన్ల నేల మీద ఐదు రోజులు, తమ్ముడితో

మొదటి రోజు: డెన్వర్ నుంచి ఫోర్ట్ రాబిన్సన్

లేబర్ డే సెలవులు కలిసొచ్చాయని మా తమ్ముడు డాలస్ నుంచి వచ్చాడు. వాడు అమెరికా వచ్చి మూడేళ్లయింది, మా ఇంటికి రావడం ఇది మూడోసారి. వచ్చిన ప్రతిసారీ బయటే తినేసి వస్తాడు, ఆకలి లేదంటాడు. ఎందుకో నాకూ తెలుసు, వాడికీ తెలుసు. పద్నాలుగేళ్ల క్రితం నేను ఇల్లు వదిలి వెళ్లిపోయి, మా వాళ్లు చచ్చినా ఒప్పుకోమన్న కులం అబ్బాయిని పెళ్లి చేసుకున్నాను. నాన్న పోయేదాకా నాతో మాట్లాడలేదు. తమ్ముడు మాట్లాడతాడు, కానీ నాతోనే. మా ఆయన్ని ఇప్పటిదాకా ఒక్కసారి కూడా "బావా" అనలేదు, ఏదైనా అడగాలంటే నావైపు తిరిగి "ఆయనకి చెప్పక్కా" అంటాడు.

ఈ ప్రయాణం నేను నాలుగేళ్లుగా అనుకుంటున్నది. మోంటానాలో లేమ్ డీర్ అనే చిన్న ఊళ్లో ఒక సమాధి ఉంది, అది చూడాలి. ఎవరిది అని తమ్ముడు అడిగితే "ఒక షయాన్ పెద్దమనిషిది, అక్కడికెళ్లాక చెప్తా" అన్నాను. వాడికి షయాన్ అంటే హైవే మీద తగిలే వ్యోమింగ్ రాజధాని ఊరొక్కటే తెలుసు. ఆ ఊరి పేరు ఏ జనం మీదుగా వచ్చిందో దాన్ని దాటుతున్నప్పుడు చెప్పాను. వాళ్లు తమని తాము త్సిత్సిస్తాస్ అనుకుంటారు. మన దగ్గర ఇప్పటికీ "రెడ్ ఇండియన్లు" అని ఒకే గంపలో వేసి మాట్లాడేస్తాం, నాకది నచ్చదు. భాషలు వేరు, కట్టుబాట్లు వేరు, ఒకళ్ల మీద ఒకళ్లకి పాత పగలు కూడా వేరు.

లస్క్ దగ్గర తూర్పుకి తిరిగి, ఐదు గంటల పైన డ్రైవ్ చేసి మధ్యాహ్నానికి నెబ్రాస్కా మూలన ఉన్న ఫోర్ట్ రాబిన్సన్ అనే పాత సైనిక స్థావరం చేరాం. వెనక తెల్లటి కొండ అంచులు, ముందు పచ్చిక మైదానం. పార్కుకి వచ్చిన కుటుంబాలు గుర్రపు బళ్లెక్కి తిరుగుతున్నాయి. షయాన్లని బంధించిన బారక్ దుంగలతో మళ్లీ కట్టి పెట్టారు. లోపలికి వెళ్లి నిలబడితే మన ఊరి ప్రైమరీ స్కూల్లో రెండు గదులు కలిపినంత ఉంటుందేమో, అందులో 149 మంది.

కథ క్లుప్తంగా చెప్తాను. 1876లో లిటిల్ బిగ్‌హార్న్ దగ్గర షయాన్లూ, లకోటా అనే ఇంకో తెగవాళ్లూ కలిసి పోరాడితే అమెరికా సైన్యాధికారి కస్టర్ ఓడిపోయాడు. ఆ తర్వాత సైన్యం పగబట్టినట్టు వెంటాడి ఉత్తరాది షయాన్లని లొంగదీసుకుంది, 1877లో ఓక్లహోమా వైపు ఎండల్లోకి తరలించింది. మలేరియా, ఆకలి. 1878 సెప్టెంబర్ 9 రాత్రి 350 మందికి పైగా, అందులో సగానికి మించి ఆడవాళ్లూ పిల్లలే, సొంత నేలకి పోతామని కాలినడకన, గుర్రాల మీద బయల్దేరారు. నడిపించింది ఇద్దరు: డల్ నైఫ్, లిటిల్ వుల్ఫ్. నెబ్రాస్కాలోకి వచ్చాక రెండుగా విడిపోయారు. డల్ నైఫ్ గుంపు ఇక్కడ చిక్కింది. తిరిగి దక్షిణానికి పొమ్మంటే చస్తాం గానీ పోమన్నారు. జనవరి మొదట్లో తిండి, పొయ్యి కట్టెలు ఆపేశారు, తర్వాత నీళ్లు కూడా ఆపేశారు. కిటికీ అద్దాల మీద పేరుకున్న మంచు గీక్కుని నాకారు. 1879 జనవరి 9 రాత్రి కిటికీలు బద్దలుకొట్టి మంచులోకి పరిగెత్తారు. 60 మందికి పైగా చచ్చిపోయారు.

నాకు ఇక్కడ మనసులో గుచ్చుకున్న సంగతి ఇంకోటి. ఆ ఆంక్షలు రాకముందు, చలికాలం మొదట్లో, ఇదే బారక్‌లో సిపాయిలూ షయాన్ అమ్మాయిలూ కలిసి డాన్సులు చేసేవాళ్లని ఆనాటి వాళ్లు చెప్పారు. డల్ నైఫ్ కూతుళ్లని సైనికులు "రాకుమార్తెలు" అని పిలిచేవాళ్లట. చేతులు పట్టుకుని డాన్స్ చేసిన మనుషులే కొన్ని వారాల తర్వాత వాళ్ల వెనక తుపాకులతో పరిగెత్తారు. డల్ నైఫ్ కూతురొకామె ఆ పరుగులో పోయింది. ఆ గదిలో నేలకేసి చూస్తూ నిలబడితే, తమ్ముడు "పద అక్కా, ఊపిరాడట్లేదు" అని బయటకి వెళ్లిపోయాడు.

రెండో రోజు: బేర్ బ్యూట్

ఫోర్ట్ రాబిన్సన్ దగ్గరి ఊరు చాడ్రన్ నుంచి రెండున్నర గంటల దారి. సౌత్ డకోటాలో స్టర్జిస్ పక్కన, చదునైన గడ్డి నేలలోంచి ఒక్కటే కొండ దాదాపు 1,250 అడుగులు లేచి నిలబడి ఉంటుంది. షయాన్లకి ఇది నోవావోసే. స్వీట్ మెడిసిన్ అనే మహాపురుషుడు ఈ కొండ గుహలోకి వెళ్లి నాలుగు పవిత్ర బాణాలు తెచ్చాడని వాళ్ల నమ్మకం. రెండు బాణాలు వేటకి, రెండు యుద్ధానికి. బాణాలతో పాటు ధర్మం కూడా తెచ్చాడు: 44 మంది పెద్దల సభ ఎలా నడవాలి, పెద్ద అన్నవాడు ఎలా బతకాలి.

దారి రెండు మైళ్లకి కాస్త తక్కువ, ఎక్కడం కష్టం కాదు. కానీ నేను సగం దూరంలోనే ఆగిపోయాను, చెట్ల కొమ్మలకి కట్టిన గుడ్డలు చూస్తూ. ఎరుపు, పసుపు, తెలుపు, నలుపు. కొన్ని పొడవాటి పీలికలు, కొన్ని చిటికెడు పొగాకు పెట్టి మూటలా ముడేసి వరసగా దారానికి గుచ్చినవి. ఎండకి వెలిసి, వానకి తడిసి, దారం పోగులు ఊడి వేలాడుతున్నాయి. మా ఊరి అమ్మవారి చెట్టుకి మా అమ్మ కట్టిన ముడుపు గుర్తొచ్చింది. నేను ఇంట్లోంచి వెళ్లిపోయిన వారానికి కట్టిందట, నేను తిరిగి రావాలని. పసుపు గుడ్డలో రూపాయి పావలా. వాటిని ముట్టుకోవద్దు, ఫోటో తీయొద్దు అని కింద బోర్డు ఉంది. ఫోన్ సంచిలో పెట్టేశాను. ఎవరో మొక్కుకున్నది మన ఫోన్లో ఎందుకు?

ఆ బాణాల గురించి తమ్ముడికి ఇక్కడే చెప్పాను, ఎందుకంటే మర్నాటి కథకి అదే మూలం. ఒక షయాన్ ఇంకో షయాన్‌ని చంపితే ఆ బాణాల మీద నెత్తుటి మచ్చలు కనిపిస్తాయి. అప్పుడు వేట దొరకదు, యుద్ధంలో గెలుపు ఉండదు, పాపం చంపినవాడొక్కడిదే కాదు, జాతి మొత్తానికీ తగులుతుంది. అందరూ ఒకచోట చేరి బాణాలకి శుద్ధి చేయాలి. చంపినవాడు ఆ శుద్ధికి రాకూడదు. వాడి లోపల పేగులు కుళ్లిపోతాయనీ, ఆ కంపుకి అడవి దున్నలు దూరంగా పోతాయనీ అనేవాళ్లు. ఏళ్ల తరబడి వెలి. తర్వాత చనిపోయినవాడి చుట్టాలు సరేనంటే తిరిగి రానిచ్చినా, వాడు తిన్న గిన్నెలో ఇంకొకరు తినరు, తాగిన పొగాకు గొట్టం ఇంకొకరు నోట పెట్టుకోరు.

"మన ఊళ్లో టీ కొట్టు చూరులో గ్లాసులు విడిగా ఉండేవి కదక్కా" అన్నాడు వాడు.

అవును, ఉండేవి. మా చిన్నప్పుడు చూశాం. మన దగ్గర విడి గ్లాసు ఏ పాపమూ చేయనివాడికి, పుట్టిన కులాన్ని బట్టి ఇచ్చారు. వీళ్లు విడి గిన్నె హంతకుడికి ఇచ్చారు. మా ఆయన వాళ్ల తాత ఆ గ్లాసులోనే తాగాడు. ఆ మాట నేను అనలేదు, వాడికి తెలియనిది కాదు.

బెల్ ఫూష్‌లో పడుకున్నాం.

మూడో రోజు: లేమ్ డీర్

212 హైవే మీద పొద్దున్నే బయల్దేరాం. అల్జడా దాటాక రోడ్డు, ఆకాశం, ఎండిన గడ్డి, అంతే. బ్రాడస్ దగ్గర పెట్రోల్ కొట్టించుకున్నాం, ఇక్కడ కొట్టించుకోవడం మంచిది, ముందు చాలాసేపు ఏమీ ఉండదు. ఆష్‌లాండ్ దగ్గర టంగ్ నది దాటితే ఉత్తరాది షయాన్ల రిజర్వేషన్, అంటే వాళ్లకి కేటాయించిన నేల, మొదలవుతుంది. నేల మారిపోతుంది. ఎర్రటి కొండలు, వాటి మీద పైన్ చెట్లు, మధ్యలో చిన్న వాగులు. ఈ నేల కోసమేనా అంత నడిచారు అనిపించి, ఈ నేల కోసం నడవచ్చులే అని కూడా అనిపించింది. 1884లో ప్రభుత్వ ఉత్తర్వుతో ఇది వాళ్లదైంది. కింద బొగ్గు పుష్కలంగా ఉంది, 1970ల్లో కంపెనీలకిచ్చిన లీజుల మీద పోరాడి రద్దు చేయించుకున్నారు. డబ్బు లేని ఊరు తీసుకున్న నిర్ణయం అది. అక్కడి ఇళ్లు చూస్తే ఆ నిర్ణయం విలువ తెలుస్తుంది.

లేమ్ డీర్‌లో పెట్రోల్ బంక్ పక్క కొట్లో పొగాకు కొన్నాను. సమాధి దగ్గర పెట్టడానికి అని చెప్తే కౌంటర్ దగ్గరున్న పెద్దావిడ నన్ను ఒక నిమిషం చూసి, స్మశానానికి దారి చెప్పి, "గట్టిగా మాట్లాడకండి, అంతే" అంది.

డల్ నైఫ్, లిటిల్ వుల్ఫ్ సమాధులు పక్కపక్కనే ఉన్నాయి. నేను చూడాలనుకున్నది రెండోది.

లిటిల్ వుల్ఫ్ మామూలు పెద్ద కాదు. స్వీట్ మెడిసిన్ స్థానంలో ఉండే పెద్ద, అంటే 44 మందిలోనూ అందరికంటే పవిత్రమైన బాధ్యత మోసేవాడు. దానికి గుర్తుగా ఒక మూలిక మూట ఎప్పుడూ ఒంటి మీదే ఉండేది. ఆ స్థానంలో ఉన్నవాడికి కోపం నిషిద్ధం. సొంత కొడుకుని గుడారం ముందే చంపినా పగ తీర్చుకోకుండా పొగాకు గొట్టం వెలిగించుకుని కూర్చోవాలి. పెళ్లాన్ని ఎవడైనా లేవదీసుకుపోయినా అంతే. మామూలు మనిషైతే గుర్రాలు పరిహారం అడగొచ్చు, పెద్ద అడగకూడదు. పరువు పోయిందని అరిచే హక్కు ఊళ్లో అందరికంటే పెద్దవాడికే లేదన్నమాట. ఈ వాక్యం మొదటిసారి అర్థమైనప్పుడు నేను చదువుతున్నది పక్కన పెట్టి చాలాసేపు ఊరికే కూర్చున్నాను.

అలాగని వాళ్లకి పరువు పట్టింపు లేదనుకోకండి, మనకంటే ఎక్కువే ఉండేది. షయాన్ ఆడపిల్లల శీలం గురించి చుట్టుపక్కల తెగలన్నీ చెప్పుకునేవి. పెద్దమనిషయ్యాక ప్రతి పిల్లా బట్టల లోపల ఒక సన్నటి తాడు కట్టుకునేది. నడుం చుట్టూ తిప్పి ముందు ముడేసి, రెండు కొసలూ కిందికి తీసి తొడల చుట్టూ మోకాళ్ల దాకా చుట్టాలి. రాత్రిపూట, బయటకి వెళ్లినప్పుడు తప్పనిసరి. దాని మీద చెయ్యి వేసినవాణ్ణి పిల్ల అన్నదమ్ములు చంపినా ఆశ్చర్యం లేదు. లేదంటే పిల్ల తరపు ఆడవాళ్లు గుంపుగా వెళ్లి వాడి తల్లిదండ్రుల గుడారం కోసి పారేసి, గుర్రాల్ని పొడిచేస్తే, వాళ్లు తల వంచుకుని చూస్తూ నిలబడేవాళ్లు.

మరి ఇష్టపడటం ఎలా? నీళ్ల దారిలో. పిల్ల వాగుకి వెళ్లే దారిలో కుర్రాడు కాచుకుని, ఆమె పైబట్ట అంచు లాగేవాడు. ఆగితే ఆశ, ఆగకపోతే లేదు. ఆ తర్వాత సాయంత్రాలు గుడారం బయట దుప్పటి కప్పుకుని నిలబడాలి. ఆమె బయటకి వస్తే ఆ దుప్పట్లోనే ఇద్దరూ తల దాక, నిలబడే మాట్లాడుకోవాలి, అందరి కళ్ల ముందు. ఇంకో ఇద్దరు కుర్రాళ్లు తమ వంతు కోసం పక్కన నిలబడి ఉండేవాళ్లు! వేణువు ఊదేవాళ్లు. ఇలా నాలుగైదేళ్లు గడిచేవి. తర్వాత కుర్రాడి తరపు పెద్దలు గుర్రాలు తోలుకెళ్లి పిల్ల ఇంటి ముందు కట్టాలి. ఆ గుర్రాల్ని మందలో కలుపుకుంటే సంబంధం ఖాయం, తిప్పి పంపితే లేదు.

ఎక్కువసార్లు ఆ తీర్పు అన్నదో తమ్ముడిదో. పెద్దయ్యాక అక్కాతమ్ముళ్లు, అన్నాచెల్లెళ్లు ఎదురెదురుగా మాట్లాడుకోరు, మర్యాద, ఇంకొకరి ద్వారా కబురు పంపుకుంటారు. కానీ ఆమె పెళ్లి మాట ఇచ్చేది అతనే. అతను ఒకడికి మాటిచ్చాక ఆమె ఇంకొకడితో వెళ్లిపోతే, ఆ అవమానంతో యుద్ధానికి వెళ్లి కావాలని ముందు నిలబడి చచ్చిపోయిన అన్నలున్నారు. చంపిన అన్నల కంటే చచ్చిన అన్నల కథలే నాకు ఎక్కువ కనిపించాయి. కూతుర్ని వేధించి ఉరేసుకునేదాకా తెచ్చిందని ఒక తల్లినే వెలివేసిన ఉదంతం కూడా ఉంది. ఇంకోవైపు, తప్పు చేసిందని భార్యని తన దళంలోని మగవాళ్లకి అప్పజెప్పేసిన భర్తలూ ఉన్నారు. ఊరు అసహ్యించుకునేది గానీ ఆపిన దాఖలాలు తక్కువ. వాళ్లని దేవుళ్లని చేయడానికి నేను రాలేదు, ఇది కూడా చెప్పాలి.

ఇక లిటిల్ వుల్ఫ్. స్టార్వింగ్ ఎల్క్ అనే మనిషి ఎప్పట్నుంచో ఆయన భార్య వెంట పడేవాడు. ఆయన హెచ్చరించాడు, పెద్ద కాబట్టి అంతకంటే ఏమీ చేయలేదు. 1879 వసంతంలో తన గుంపుని సైన్యానికి అప్పగించి ఫోర్ట్ కియో దగ్గర ఉంటున్నారు. ఓడిపోయిన జనం, సైన్యానికి దారి చూపే స్కౌట్ ఉద్యోగాలు, సారా. 1880 డిసెంబర్‌లో ఒక రాత్రి వ్యాపారి కొట్లో ఆయన కూతురూ ఇంకొందరూ మిఠాయి పందెంగా పెట్టి ఆడుకుంటున్నారు. స్టార్వింగ్ ఎల్క్ ఆ పిల్ల చుట్టూ తిరుగుతున్నాడు. ముందు భార్య, ఇప్పుడు కూతురు. లిటిల్ వుల్ఫ్ తాగి ఉన్నాడు. తుపాకీ తెచ్చి కాల్చేశాడు.

అక్కడితో అయిపోలేదు, అసలు కథ అక్కడే మొదలైంది. ఆయన్ని ఎవరూ పట్టుకోలేదు. తన జనాన్ని చావు నోట్లోంచి ఇంటికి తెచ్చినవాడు, ఎవరు పట్టుకుంటారు? ఆయనే కొట్లోంచి బయటకి వచ్చి, ఫలానా కొండ మీద కూర్చుంటాను, నన్నేమైనా చేయాలనుకున్నవాళ్లు అక్కడికి రావచ్చని చెప్పి, వెళ్లి కూర్చున్నాడు. డిసెంబర్ మోంటానా చలి. చచ్చినవాడి చుట్టాలు ఆయన గుడారం ధ్వంసం చేశారు, ఆయన అడ్డు చెప్పలేదు. పెద్దరికం వదిలేశాడు. నలుగురితో కలిసి పొగ తాగడం మానేశాడు. గుర్రం ఎక్కడం మానేశాడు. 1904లో చనిపోయేదాకా, దాదాపు 24 ఏళ్లు, ఎక్కడికెళ్లినా కాళ్లతోనే. పోయాక రోజ్‌బడ్ లోయ కనపడే కొండ మీద పూడ్చిపెట్టారు. 1928లో ఆయన ఎముకల్ని ఇక్కడికి తెచ్చి డల్ నైఫ్ పక్కన ఉంచారు.

తమ్ముడు నేల మీద కూర్చుండిపోయాడు.

"తప్పని ఎవరు తేల్చారక్కా?"

"ఎవరూ తేల్చలేదురా. పంచాయితీ కూడా పెట్టలేదు."

"కూతురి జోలికొచ్చినవాణ్ణే కదా చంపింది."

"అవును. అయినా."

మన దగ్గర కూతురు ఇష్టపడ్డవాణ్ణి కిరాయికి చంపించిన తండ్రికి బెయిలొస్తే పూలదండలతో ఎదురెళ్లినవాళ్లున్నారు. "కన్న తండ్రి కడుపుకోత" అని పోస్టులు పెట్టినవాళ్లున్నారు, అందులో మా బాబాయి కొడుకు ఒకడు. అది చదివిన రోజు నాకు నిద్ర పట్టలేదు. ఈ సమాధి గురించి నాకు తెలిసింది ఆ తర్వాతే. అప్పట్నుంచీ ఇక్కడికి రావాలని ఉంది.

పొగాకు చిటికెడు తీసి నేను పెట్టాను. మిగిలింది తమ్ముడు తీసుకుని, రాతి పక్కన గడ్డి కొంచెం పక్కకి తీసి, నెమ్మదిగా పోశాడు. చాలాసేపు లేవలేదు. నేను పిలవలేదు.

ఊరి పక్క కొండల్ని చూపించి ఇంకో కథ చెప్పాను గానీ వాడు వింటున్నాడో లేదో తెలియలేదు. 1890 సెప్టెంబర్‌లో హెడ్ చీఫ్ అనే కుర్రాడు, ఇష్టపడ్డ పిల్ల ఇంటికి వెళ్తే వాళ్ల దగ్గర తినడానికేమీ లేదని తెలిసి, వేటకని పోయి తెల్లవాళ్ల ఆవుని కొట్టాడట. ఆవు తాలూకు హ్యూ బాయిల్ అనే యువకుడు వచ్చి నిలదీస్తే కాల్చి చంపాడు. ఉరి తీస్తారని తెలిసి, ఉరికి రాను, సైన్యంతో పోరాడి చస్తాను అని కబురు పెట్టాడు. రేషన్ ఇచ్చే రోజున జనమంతా చూస్తుండగా కొండ మీద నుంచి సైనికుల వరస మీదకి గుర్రం దూకించాడు. అతని వెంట యంగ్ మ్యూల్ అని ఇంకా పిల్లాడు, హత్య చేసింది వాడు కాదు, స్నేహితుడు పోయాక నేనెందుకని వెళ్లాడు. ఇద్దరూ చచ్చిపోయారు. పరువు అంటే ఇదేనని కొందరు గర్వంగా చెప్పుకుంటారు. నాకు మాత్రం ఆ పిల్లవాడి తల్లో అమ్మమ్మో ఆ గుంపులో నిలబడి ఉంటే ఎలా ఉండేదో అనిపిస్తుంది.

రాత్రికి కోల్‌స్ట్రిప్‌లో మోటెల్. కిటికీలోంచి పవర్ ప్లాంట్ పొగగొట్టాల లైట్లు.

నాలుగో రోజు: రోజ్‌బడ్, లిటిల్ బిగ్‌హార్న్

బస్బీలో హైవే పక్కనే టూ మూన్ అనే షయాన్ పెద్ద సమాధి ఉంది. ఫోర్ట్ రాబిన్సన్‌లో చచ్చినవాళ్ల ఎముకలు కొన్ని వందేళ్లకి పైగా మ్యూజియంల బీరువాల్లో ఉంటే, 1993లో తెప్పించుకుని ఈ ఊళ్లోనే పూడ్చారు. ఏటా జనవరి 9 నుంచి పిల్లలు ఫోర్ట్ రాబిన్సన్ దగ్గర మొదలుపెట్టి ఇక్కడిదాకా 400 మైళ్లు, మంచులో, ఒకరి తర్వాత ఒకరు పరిగెత్తుకుంటూ వస్తారు. మేం కారులో వచ్చిన దూరం.

రోజ్‌బడ్ యుద్ధభూమి దగ్గర మేం తప్ప ఎవరూ లేరు. 1876 జూన్ 17న ఇక్కడ అమెరికా సైన్యంతో పోరులో కమ్స్ ఇన్ సైట్ అనే షయాన్ వీరుడి గుర్రం కూలిపోయింది. శత్రువుల మధ్య ఒంటరిగా చిక్కాడు. అతని చెల్లెలు, అక్కో చెల్లెలో అందరూ ఒకేలా చెప్పరు, బఫలో కాఫ్ రోడ్ గుర్రం మీద తూటాల్లోకి దూసుకెళ్లి అతన్ని ఎక్కించుకుని వచ్చింది. అమెరికా పుస్తకాల్లో ఇది రోజ్‌బడ్ యుద్ధం. షయాన్లు మాత్రం "ఆడపిల్ల తోడబుట్టినవాణ్ణి కాపాడిన పోరు" అంటారు. ఎదురుగా నిలబడి మాట్లాడుకోకూడని తోడబుట్టినవాళ్లు! తర్వాత ఆమె భర్త బ్లాక్ కయోటీ ఒక గొడవలో బ్లాక్ క్రేన్ అనే పెద్దని చంపి వెలికి గురయ్యాడు. ఆమె కూడా అతని వెంటే వెళ్లింది. 1879లో మైల్స్ సిటీలో కంఠసర్పి వచ్చి పోయింది. వీరవనిత అని చెప్పి ఊరుకుంటారు గానీ, వెలివేసినవాడి వెంట నడిచిన భాగం ఎవరూ ఎక్కువ చెప్పరు. నాకదే దగ్గరగా అనిపిస్తుంది.

లిటిల్ బిగ్‌హార్న్‌లో జనం ఎక్కువ. ఎండ బాగా ఉంది. కస్టర్ సైనికులు పడిన చోటల్లా తెల్లరాళ్లు ఎప్పట్నుంచో ఉన్నాయి, షయాన్, లకోటా వీరులు పడిన చోట ఎర్రరాళ్లు పెట్టడం 1999లో మొదలైంది. అంత ఆలస్యం. మోనాసెటా పేరు మాత్రం ఏ రాయి మీదా నాకు కనిపించలేదు. 1868 నవంబర్ 27న ఓక్లహోమాలో వాషిటా నది ఒడ్డున కస్టర్ సైన్యం షయాన్ల శిబిరం మీద పడింది. చనిపోయినవాళ్లలో లిటిల్ రాక్ అనే పెద్ద ఉన్నాడు, ఆయన కూతురే మోనాసెటా. బందీగా కస్టర్ వెంట నెలల తరబడి తిరిగింది. ఇద్దరి మధ్యా సంబంధం ఉందని షయాన్ పెద్దవాళ్లు చెప్తూ వచ్చారు. కొందరు దాన్ని ప్రేమకథలా అల్లుతారు, చదివితే నాకు ఒళ్లు మండుతుంది. తండ్రిని చంపిన సైన్యం నాయకుడి దగ్గర బందీగా ఉన్న పిల్లకి "వద్దు" అనే మాట ఉంటుందా? వద్దనే దారి లేనప్పుడు అది ఇష్టమెలా అవుతుంది?

ఇంకో కథ కూడా చెప్తారు. యుద్ధం అయ్యాక దక్షిణాది షయాన్ ఆడవాళ్లు ఇద్దరు కస్టర్ శవాన్ని గుర్తుపట్టి, మోనాసెటా వల్ల మనకి చుట్టమని శవాన్ని కోయనివ్వలేదట. కానీ కుట్టుపని చేసే ఆరెతో రెండు చెవుల్లోనూ పొడిచారట. 1869లో పెద్దలతో పొగ తాగి శాంతిగా ఉంటానన్నాడు, మాట తప్పితే చస్తావని అప్పుడు చెప్పినా వినలేదు, కనీసం పై లోకంలోనైనా వినపడాలని.

రాత్రి షెరిడాన్ మోటెల్ బయట మెట్ల మీద కూర్చుని ఉంటే తమ్ముడు వచ్చి పక్కన కూర్చున్నాడు. వాడు నావైపు చూడకుండా, పార్కింగ్ వైపు చూస్తూ చెప్పాడు.

"ఆ రోజు విజయవాడ బస్టాండ్‌కి బాబాయి వాళ్లతో నేనూ వచ్చాను కదా."

"తెలుసు."

"ఊరికే రాలేదు. కారులో ముందు సీటు నాదే. తెల్లారి నాలుగింటి దాకా ప్రతి బస్సూ ఎక్కి చూశాను. నాన్న పంపలేదక్కా, నేనే వస్తానన్నాను." కాసేపాగాడు. "మీరు దొరికుంటే నేనేం చేసుండేవాణ్ణో నాకు తెలీదు. చాలాసార్లు ఆలోచించాను. తెలీదు."

అప్పుడు వాడికి ఇరవై ఏళ్లు. మేం ఆ టైముకి ఒంగోలు దాటిపోయాం, అంతే, అదృష్టం. నేను ఏమనాలో తెలియక వాడి వీపు మీద చెయ్యి వేశాను. తీసేయమనలేదు. చాలాసేపు అలాగే కూర్చున్నాం, చలి వేస్తున్నా.

ఐదో రోజు: తిరుగు ప్రయాణం

షెరిడాన్ నుంచి డెన్వర్ 430 మైళ్లు, దాదాపు అంతా ఒకటే హైవే. కేసీ అనే ఊరి దగ్గర కాఫీకి ఆగాం. పడమట కనపడే కొండల్లోనే 1876 నవంబర్ 25 తెల్లవారుజామున డల్ నైఫ్ ఊరి మీద సైన్యం పడి, గుడారాలు, దుప్పట్లు, చలికాలానికి దాచుకున్న మాంసం అంతా తగలబెట్టింది. ఎముకలు కొరికే చలిలో ఆ జనం కొండలు దాటి నడిచారు. లిటిల్ వుల్ఫ్ కూడా ఆ పోరులో ఉన్నాడు. అన్ని నడకలు నడిచినవాడికి చివరి 24 ఏళ్ల నడక ఏపాటి అనుకోవచ్చు. కానీ ముందు నడకల్లో ఆయన వెంట జనం ఉన్నారు.

కాస్పర్ దాటాక తమ్ముడు మాట్లాడలేదు. షయాన్ ఊరి బోర్డు కనపడినప్పుడు మాత్రం తలెత్తి చూశాడు.

ఇంటికి చేరేసరికి రాత్రి తొమ్మిది దాటింది. మా ఆయన టమాటా పప్పు, అన్నం వండి, వడియాలు వేయించి పెట్టాడు. తినకుండా మా కోసం చూస్తున్నాడు. నేను బ్యాగులు లోపల పెట్టి వచ్చేసరికి తమ్ముడు చేతులు కడుక్కుని, తడి చేతులతో డైనింగ్ టేబుల్ దగ్గర నిలబడి ఉన్నాడు.

"ఎక్కడ కూర్చోమంటారు?" అని మా ఆయన్నే అడిగాడు.